టిబిలిసిలో ఒక్క రోజు: ఉదయం ఊరు, మధ్యాహ్నం వంటిల్లు, సాయంత్రం క్వెవ్రి వైను

వైద్యవిద్య చదువుతున్న పిల్లల్ని చూడటానికి జార్జియా రాజధాని టిబిలిసికి వెళ్లే తల్లిదండ్రులూ, గల్ఫ్ నుంచి సెలవులకు అక్కడికి బయలుదేరే మనవాళ్లూ తరచూ అడిగే ప్రశ్న ఇది: "చేతిలో ఒక్క రోజే ఉంది. ఊరు చూడాలి, వాళ్ల వైను రుచి చూడాలి, ఎవరి ఇంట్లోనైనా కూర్చుని వాళ్ల వంట నేర్చుకోవాలి. ఎలా?"

మూడూ ఒకే రోజులో కుదురుతాయి, కానీ వరుస తప్పితే కుదరవు. నడక ముందు, సంత తర్వాత, ఆపైన వంట, చివరగా వైను. మొదటిసారి నేను ఈ వరుస తిరగేశాను. పన్నెండు గంటలకే వైను రుచి చూడటానికి కూర్చున్నాను. మూడింటికి వంటింట్లోకి వెళ్లేసరికి కళ్లు మూతలు పడుతున్నాయి. ఆ ఇంటావిడ ఎంతో ఓపికగా చూపించిన మడత ఒక్కటీ గుర్తులేదు. ఆ తర్వాత రెండుసార్లు సరైన వరుసలో చేశాను, అదే ఇక్కడ రాస్తున్నాను. వీసా, విమానాల సంగతి వదిలేసి నేరుగా రోజు ఏర్పాట్లలోకి వెళ్దాం.

1. ముందుగా తేల్చుకోవలసింది: కాఖేతి వెళ్లాలా, వద్దా?

చాలామంది చేసే పెద్ద పొరపాటు ఇదే. ద్రాక్షతోటలంటే కాఖేతి ప్రాంతం కాబట్టి అక్కడి సిగ్నాగీ పట్టణానికి వెళ్లి వచ్చి, అదే రోజు టిబిలిసి కూడా చూసేద్దామనుకుంటారు. సిగ్నాగీ టిబిలిసికి దాదాపు 110 కిలోమీటర్లు. రానూపోనూ నాలుగు గంటలు కారులోనే గడిచిపోతాయి. అప్పుడు వంట నేర్చుకోవడం అంటే ఒక ఖచాపురి (వాళ్ల చీజ్ రొట్టె) మీద చీజ్ చల్లి ఫొటో తీయించుకోవడమే.

రెండు రోజులుంటే కాఖేతికి ఒక రోజు పూర్తిగా ఇవ్వండి. సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో అక్కడ ర్త్‌వేలి, అంటే ద్రాక్ష కోతలు జరుగుతాయి, అప్పుడైతే తప్పక వెళ్లాలి. ఒక్క రోజే ఉంటే టిబిలిసి దాటవద్దు. వైను మీ దగ్గరికే వస్తుంది.

2. గైడుతో మాట్లాడేటప్పుడు అడగవలసినవి

కనీసం మూడు నాలుగు రోజుల ముందు మాట్లాడుకోండి. డబ్బు కట్టే ముందు ఈ ప్రశ్నలకు రాతపూర్వకంగా జవాబు తీసుకోండి:

- వంట జరిగేది నిజంగా ఒకరి ఇంట్లోనా, లేక హోటల్ వంటగదిలోనా?
- మొత్తం ఎంతమంది ఉంటారు? ఆరుగురు దాటితే పిండి ముట్టుకునే వంతు సరిగా రాదు.
- మా చేత్తో చేసే వంటలు ఎన్ని? మూడు సరిపోతాయి. ఆరు చూపిస్తామంటే అందులో సగం ముందే చేసి పెట్టినవని అర్థం.
- సంతలో కొనే సరుకుల డబ్బు, టాక్సీ ఖర్చు కలిపే చెప్పారా?
- వైను ఎన్ని రకాలు? వాటిలో క్వెవ్రిలో, అంటే నేలలో పాతిన మట్టిపాత్రలో, చేసినది ఒక్కటైనా ఉందా?
- రాత్రి మమ్మల్ని బసకు ఎవరు చేరుస్తారు?

తిండి నియమాలు స్పష్టంగా చెప్పండి. ఇక్కడ మనవాళ్లు బాగా ఇబ్బంది పడతారు. ఖింకాలి అంటే లోపల కూర పెట్టి, కుచ్చులుగా మడిచి, నీళ్లలో ఉడికించే పిండివంట. అందులో పెట్టే మాంసం మామూలుగా గొడ్డుమాంసం, పందిమాంసం కలిపినది. ఏదో ఒకటి తినని వాళ్లు ముందే చెప్పి, గొర్రె మాంసం లేదా పుట్టగొడుగులు పెట్టించుకోవాలి.

శాకాహారులు "వెజిటేరియన్" అన్న మాటతో ఆగకుండా "సమర్ఖ్వో" అన్న మాట నేర్చుకోండి. జార్జియా ఆర్థడాక్స్ క్రైస్తవులు ఉపవాస దినాల్లో తినే తిండికి ఆ పేరు. అందులో మాంసం, గుడ్డు, పాలు ఉండవు. బుధ, శుక్రవారాలు వాళ్లకు ఉపవాస రోజులు కనుక ఆ వంటలు ప్రతి ఇంట్లోనూ వచ్చు. చీజ్ తినే శాకాహారులైతే "మే ఖోర్త్స్ అర్ వ్‌చామ్" అనండి, నేను మాంసం తినను అని అర్థం.

3. ముందు రోజు సర్దుకోవలసినవి

- మడమ జారని బూట్లు. పాత ఊరంతా రాళ్లు పరిచిన ఎత్తుపల్లాల వీధులే.
- ఆడవాళ్లకు తల కప్పుకోవడానికి చున్నీ. మగవాళ్లకు మోకాళ్లు దాటే ప్యాంటు. చర్చిల్లో ఇది పట్టింపే.
- చిన్న నోట్లుగా కొన్ని లారీలు. జార్జియా డబ్బు పేరు లారీ. మార్చుకోవడానికి రూపాయలకంటే డాలర్లు, యూరోలు తేలిక. సంతలో చిల్లర లేకపోతే బేరం సాగదు.
- సంతకు రెండు గుడ్డ సంచులు, ఒక నీళ్ల సీసా.
- కొలతలు రాసుకోవడానికి కాగితం, కలం. చేతులకు పిండి అంటుకున్నాక ఫోను పనికిరాదు.
- ఇంటివాళ్లకు చిన్న కానుక. మన జీడిపప్పు, మంచి టీపొడి, లేదా ఒక మిఠాయి డబ్బా చాలు.

ఉదయం తేలికగా తినండి. సాయంత్రం బల్ల మీద ఎంత పెడతారో మీరు ఊహించలేరు.

4. ఊరు: 8:30 నుంచి 12 వరకు

పాత టిబిలిసి చిన్నదే. కింది వరుసలో వెళ్తే ఎక్కడం తక్కువ, దిగడం ఎక్కువ.

1. కురా నది మీదకు పొడుచుకొచ్చిన కొండ అంచున మెతేఖి చర్చి, దాని పక్కన గుర్రం మీద వఖ్తాంగ్ గోర్గసాలి (ఈ ఊరిని స్థాపించాడని చెప్పే రాజు) విగ్రహం. అవ్లాబారి మెట్రో స్టేషన్ దగ్గరే. ఊరి అమరిక మొత్తం ఇక్కడే అర్థమవుతుంది.
2. కిందికి దిగి రికే పార్కు, అక్కడి నుంచి కేబుల్ కారులో నరికాలా కోట కొండ మీదికి. కేబుల్ కారును అప్పుడప్పుడు మరమ్మతులకు ఆపుతారు, కోట లోపలి దారి కూడా మూసి ఉండవచ్చు. ముందు రోజే గైడును అడగండి. ఆగిపోతే టాక్సీలో పైకి వెళ్లండి. నడిచి ఎక్కితే వంటకు ఓపిక మిగలదు.
3. పైన కార్త్‌లిస్ దేదా, జార్జియా తల్లి విగ్రహం. 20 మీటర్ల ఎత్తు. ఎడమ చేతిలో స్నేహితుల కోసం వైను గిన్నె, కుడి చేతిలో శత్రువుల కోసం కత్తి. సాయంత్రం మీకు అందబోయేది ఆ గిన్నే కనుక ఇక్కడ ఒక నిమిషం ఎక్కువ ఆగండి.
4. నడిచి దిగితే అబనోతుబాని. నేల మీద బోర్లించిన కుండల్లా ఇటుక గుమ్మటాలు కనిపిస్తాయి. వాటి కింద గంధకపు వేడినీటి స్నానశాలలు. వెనక వాగు వెంట పది నిమిషాలు నడిస్తే చిన్న జలపాతం.
5. సియోని చర్చి మీదుగా శాంతి వంతెన దగ్గరికి, అక్కడి నుంచి అంచిస్ఖాతి చర్చి. దాని పక్కనే రెజో గాబ్రియాద్జే తోలుబొమ్మల థియేటర్ ముందు ఒరిగినట్టున్న గడియారపు స్తంభం. మధ్యాహ్నం 12కు చిన్న బొమ్మలాట వేస్తారు. దానికి అందుకునేలా నడవండి.

పొరపాటు: వేడినీటి స్నానం ఇదే రోజు పెట్టుకోవడం. గంధకపు వేడినీళ్లలో గంటసేపు నానితే ఒళ్లు వదులై నీరసం వస్తుంది. దాని మీద వైను తాగితే తల తిరుగుతుంది. స్నానం మరుసటి ఉదయానికి ఉంచండి.

దారిలో పదకొండు గంటల ప్రాంతంలో ఒక రొట్టె దుకాణం దగ్గర ఆగండి. తోనే అనే మట్టి పొయ్యి లోపలి గోడకు పిండిని అంటించి కాలుస్తారు, మన తందూరు లాంటిదే. పడవ ఆకారంలో వచ్చే ఆ షోతి రొట్టె వేడిగా సగం చొప్పున తింటే సాయంత్రం దాకా ఆగగలరు.

5. సంత: 12:30 నుంచి 2 వరకు

తావిసుప్లెబిస్ మోయెదాని (స్వేచ్ఛా కూడలి) స్టేషన్‌లో మెట్రో ఎక్కితే మూడో స్టేషన్ సద్గురిస్ మోయెదాని, అంటే రైల్వే స్టేషన్ కూడలి. అక్కడే దెజెర్తిర్ బజారు. ఎంచుకోవడం ఇంటావిడకు గాని గైడుకు గాని వదిలేయండి, మీరు వాసన చూడండి, రుచి చూడండి.

- అక్రోట్లు. ఈ రోజు వంట మొత్తానికి ప్రాణం ఇవే. ఒక పప్పు నోట్లో వేసుకోండి. నాలుక చివర చేదుగా, పాత నూనె వాసనగా ఉంటే ఆ కొట్టు వదిలేయండి.
- సులుగుని చీజ్. చిన్న ముక్క తుంచితే పొరలుగా సాగాలి. పొడిపొడిగా రాలేది ఇమెరులి. ఖచాపురికి రెండూ కలుపుతారు.
- ఉత్స్ఖో సునేలి. నీలిపూల మెంతి కాయల పొడి. మన మెంతికి దాయాది, చేదు మాత్రం బాగా తక్కువ. దీనితో పాటు ఎండు బంతిపూల రేకుల పొడి కొనండి, అక్రోట్ల ముద్దకు రంగు, ఒక మట్టి వాసన వస్తాయి.
- వంకాయలు, కొత్తిమీర, వెల్లుల్లి, దానిమ్మ. కొత్తిమీర చూస్తే మీరు ఇల్లు వదిలి వచ్చారనిపించదు, కట్టలు కట్టలుగా వాడతారు.
- చుర్చ్‌ఖేలా. దారానికి గుచ్చిన అక్రోట్లను చిక్కగా ఉడికించిన ద్రాక్షరసంలో ముంచి ఆరబెట్టిన దండ. వంచితే మెత్తగా వంగాలి. పటపటమని విరిగితే పాతది.

6. వంటిల్లు: 2:30 నుంచి 5:30 వరకు

మూడు వంటలు చాలు: వంకాయ అక్రోట్ చుట్టలు, ఖచాపురి, ఖింకాలి. వరుస ముఖ్యం. ఖింకాలి పిండిని ముందుగా కలిపి ఉంచి, అది నానే లోపల మిగతావి చేయాలి. ఖింకాలి మడవడం చివర, ఉడకబెట్టడం అందరూ కూర్చున్నాక.

6.1 ఖింకాలి పిండి. అర కిలో మైదా, దాదాపు పావు లీటరు నీళ్లు, ఒక చెంచా ఉప్పు. చపాతీ పిండి కంటే గట్టిగా, పూరీ పిండిలా ఉండాలి. పది నిమిషాలు ఒత్తి, తడిగుడ్డ కప్పి అరగంట వదిలేయండి. దాదాపు ఇరవై వస్తాయి.

6.2 బద్రిజాని నిగ్వ్‌జిత్. వంకాయల్ని నిలువునా అర సెంటీమీటరు మందాన పలకలుగా కోసి, ఉప్పు చల్లి ఇరవై నిమిషాలు ఉంచి, నీరు పిండి, కొద్ది నూనెలో వేయించాలి.

ఈ లోపల ముద్ద: 150 గ్రాముల అక్రోట్లు, రెండు వెల్లుల్లి రెబ్బలు, అర చెంచా ఉత్స్ఖో సునేలి, అంతే ధనియాల పొడి, చిటికెడు బంతిపూల పొడి, ఒక చెంచా వెనిగర్, ఉప్పు. కొద్దికొద్దిగా నీళ్లు పోస్తూ కొబ్బరి పచ్చడి అంత చిక్కగా రుబ్బాలి. పలక మీద రాసి చుట్ట చుట్టి, పైన దానిమ్మ గింజలు.

- ముద్ద నూనె వదిలితే: మిక్సీ ఎక్కువసేపు తిప్పారు. చల్లని నీళ్లు రెండు చెంచాలు వేసి చేత్తో కలపండి.
- చప్పగా అనిపిస్తే: కారం వెయ్యవద్దు. మన చెయ్యి అటే పోతుంది. ఇక్కడ లోటు సాధారణంగా పులుపుది, ఉప్పుది. వెనిగర్ ఇంకొన్ని చుక్కలు వేసి చూడండి.

6.3 ఇమెరులి ఖచాపురి. బొబ్బట్లు చేసిన చెయ్యి ఉంటే ఇది ఐదు నిమిషాల్లో వచ్చేస్తుంది. మత్సోని, అంటే వాళ్ల పెరుగు, మైదా, ఉప్పు, కొద్దిగా వంటసోడాతో మెత్తని పిండి. లోపల పూర్ణం బదులు తురిమిన చీజ్, ఒక గుడ్డు. గుడ్డు వద్దంటే మానేయవచ్చు. పిండి మధ్యలో చీజ్ ఉండ పెట్టి, అంచులు పైకి తెచ్చి మూసి, మూసిన వైపు కిందికి వచ్చేలా తిప్పి, అరచేత్తో మధ్య నుంచి అంచులకు ఒత్తండి. మూత పెట్టి రెండు వైపులా సన్నని మంట మీద కాల్చి, వెన్న రాయండి.

చినిగిపోతోందంటే చీజ్ తడిగా ఉందన్నమాట. చీజ్‌ను గుడ్డలో వేసి నీరు పిండేసి వాడండి.

6.4 ఖింకాలి మడవడం. అసలు విద్య ఇదే, ఇక్కడ తొందరపడవద్దు.

పిండిని మందంగా ఒత్తి, గ్లాసుతో గుండ్రాలు కోసి, ఒక్కొక్కటీ అరచెయ్యంత అయ్యేలా మళ్లీ ఒత్తాలి. మధ్య మందంగా, అంచు పలుచగా ఉండాలి. మాంసమైతే అర కిలో కీమాకు ఉల్లి, కొత్తిమీర, జీలకర్ర, మిరియాలతో పాటు ఒక గ్లాసుడు చల్లని నీళ్లు కొద్దికొద్దిగా పోసి కలుపుతారు. ఉడికేటప్పుడు లోపల రసమయ్యేది ఆ నీళ్లే. శాకాహారులకు వేయించిన పుట్టగొడుగులు, లేదా ఉల్లి వేసి మెదిపిన బంగాళాదుంప.

మడత దగ్గర ఆ ఇంటావిడ చేతులు చూడండి, పిండి వంక కాదు. ఎడమ బొటనవేలు కూర మీద కదలకుండా నిలుస్తుంది. కుడిచేతి చూపుడువేలు, బొటనవేలు అంచుని చిన్న చిన్న కుచ్చులుగా తెచ్చి ఆ వేలి చుట్టూ పేరుస్తాయి, చీర కుచ్చిళ్లు పెట్టినట్టు. ఎడమ అరచెయ్యి గుండ్రాన్ని కొద్దికొద్దిగా తిప్పుతూ ఉంటుంది. చుట్టు పూర్తయ్యాక బొటనవేలు లాగేసి, కుచ్చులన్నిటినీ ఒక్క మెలి తిప్పి, పైన మిగిలిన పిండిని తుంచేస్తారు. మంచి ఖింకాలికి పంతొమ్మిది మడతలంటారు. మొదటి రోజు పది వస్తే సంతోషించండి. కజ్జికాయల అంచు మడవడం వచ్చినవాళ్లకు నాలుగో ఖింకాలికల్లా వేళ్లు కుదురుకుంటాయి.

6.5 ఉడకబెట్టడం. వెడల్పాటి గిన్నెలో ఉప్పునీళ్లు తెర్లాలి. గరిటెతో సుడి తిప్పి, ఒక్కొక్కటే జారవిడవండి. అడుగు అంటకుండా గరిటె వెనక భాగంతో నీటిని కదపండి, ఖింకాలిని పొడవవద్దు. మాంసానికి మొత్తం ఎనిమిది నుంచి పది నిమిషాలు, బంగాళాదుంపకు తేలాక రెండు నిమిషాలు.

- అంటుకుపోతే: చేసినవాటిని పిండి చల్లిన పళ్లెంలో విడివిడిగా పెట్టలేదు. పావుగంటకు మించి నిలవ ఉంచవద్దు.
- పగిలిపోతే: మడతల మధ్య సందు ఉంది, లేదా అంచుకు కూర తడి అంటింది. మిగిలినవాటి కొనలు మరోసారి మెలి తిప్పి వెయ్యండి.

7. వైను: 5:30 తర్వాత, తిండితోనే

క్వెవ్రి అంటే మెడ దాకా నేలలో పాతిన గుడ్డు ఆకారపు మట్టిపాత్ర, లోపల తేనెమైనం పూత ఉంటుంది. ఆ పద్ధతిని 2013లో యునెస్కో తన వారసత్వ జాబితాలో చేర్చింది. పాతిన క్వెవ్రిలు చూడాలని ఉంటే సంత నుంచి వచ్చేటప్పుడు దారిలో ఒక మరానీ, అంటే వైను చేసి నిలవ ఉంచే గది, చూపించమనండి. అక్కడ చూసి రండి, రుచి మాత్రం బల్ల దగ్గరే.

తాగే వరుస ఇలా ఉంచండి, ఒక్కొక్కటి 50 మిల్లీలీటర్లకు మించకుండా:

1. త్సినందలి. తెల్ల వైను, తీపి లేనిది. నోరు శుభ్రపడుతుంది.
2. క్వెవ్రిలో చేసిన ర్కత్సితెలి. తెల్ల ద్రాక్షరసాన్ని తొక్కలతోనే నెలల తరబడి ఉంచడం వల్ల తేనె రంగుకు తిరుగుతుంది. మొదటి గుక్కకు మనవాళ్లు ముఖం చిట్లిస్తారు. పాడైందనుకోవద్దు. అది వగరు, దానిమ్మ తొక్క కొరికినట్టు. వంకాయ చుట్ట ఒకటి నోట్లో వేసుకుని మళ్లీ తాగండి. అక్రోట్ నూనె, ఆ వగరు ఒకదాన్నొకటి పట్టుకుంటాయి. మరీ చల్లగా ఇస్తే వగరు ఇంకా ఎక్కువ అనిపిస్తుంది, పది నిమిషాలు బయట ఉంచమనండి.
3. సపెరవి. ఎర్ర వైను. ఈ ద్రాక్షకు గుజ్జు కూడా ఎర్రనే, అందుకే సిరాలా చిక్కగా ఉంటుంది. ఖింకాలితో తాగండి.
4. కింద్జ్‌మరౌలి. అదే సపెరవితో చేసిన కాస్త తీపి వైను. కొత్తవాళ్లకు ఇదే ఎక్కువ నచ్చుతుంది. ముందుగా తాగితే మిగతావన్నీ పుల్లగా తోస్తాయి కనుక చివర.
5. చాచా. ద్రాక్ష పిప్పితో కాచిన సారా. ఘాటు చాలా ఎక్కువ. ఒక చిన్న గుక్క, లేదా అసలు వద్దు.

8. బల్ల దగ్గర మర్యాద

విందును సుప్రా అంటారు, దాన్ని నడిపే పెద్దను తమాదా అంటారు. ఆయన లేచి నాలుగు మాటలు చెప్పి గ్లాసెత్తి "గౌమర్జోస్" అన్నాకే అందరూ తాగుతారు. మధ్యలో మీ అంతట మీరు గుక్కలు వేయడం బాగుండదు. గ్లాసు ఖాళీ అయితే వెంటనే నింపుతారు. చాలనుకుంటే కొంచెం మిగల్చండి.

అసలు తాగని వాళ్లు కూర్చోగానే ఆ మాట చెప్పి, పళ్లరసమో బోర్జోమి అనే మినరల్ నీళ్లో తీసుకుని అదే గ్లాసు ఎత్తండి. మీ వంతు వస్తే తెలుగులోనే మాట్లాడండి, గైడు అనువదిస్తారు. మా అమ్మ ఆ ఇంటావిడ చేతి వంట గురించి తెలుగులో రెండు ముక్కలు చెప్పింది. అనువాదం పూర్తికాక ముందే ఆవిడ లేచి వచ్చి అమ్మను కావలించుకుంది.

ఖింకాలిని ఫోర్కుతో పొడవకండి. కొన పట్టుకుని తలకిందులుగా ఎత్తి, చిన్నగా కొరికి, ముందు రసం పీల్చి, తర్వాత తినండి. కొన తినరు, పళ్లెంలో వదిలేస్తారు. ఎన్ని తిన్నారో ఆ కొనలే లెక్క.

9. బయలుదేరే ముందు

- ఇంటివాళ్లు ప్లాస్టిక్ సీసాలో వాళ్ల వైను పోసి ఇస్తే అక్కడున్న రోజుల్లోనే తాగేయండి. దాని మూత విమానంలో నిలవదు, సామాను తడుస్తుంది.
- ఇండియాకు తేవాలంటే బిరడా వేసి ముద్ర ఉన్న సీసాలు కొని, బట్టల్లో చుట్టి, లగేజీ పెట్టెలో వేయండి. ఒక్కొక్కరికి 2 లీటర్ల మద్యం వరకు మన దగ్గర సుంకం లేదు. అంటే 750 మిల్లీలీటర్ల సీసాలు రెండు.
- ఉత్స్ఖో సునేలి పావు కిలో అయినా తెచ్చుకోండి. అయిపోతే కసూరీ మేథీ నలిపి వేసుకోవచ్చు, కానీ సగమే వేయండి, చేదు ఎక్కువ. సులుగుని బదులు పనీరు, మొజరెల్లా సమానంగా కలిపి కాస్త ఉప్పు ఎక్కువ వేస్తే ఖచాపురికి సరిపోతుంది.
- కొలతలు రాసుకున్న కాగితాన్ని ఆ రాత్రే ఒకసారి చదివి, అర్థంకానివి గైడును అడగండి. "కొంచెం" అని రాసుకున్న చోటల్లా ఎంతో ఆవిడ చేత్తో చూపించిన గుర్తు పోకముందే పక్కన రాసేయండి.